సియాటిలా, బే ఏరియానా: భూకంపం మాటొస్తే ఏది మేలు?

రెండు చోట్లా ఆఫర్ ఉన్న మనవాళ్లు జీతం, అద్దె, వాన అన్నీ లెక్కేస్తారు. భూకంపం సంగతి మాత్రం ఇల్లు కొనేటప్పుడు, మామూలు ఇన్సూరెన్స్‌లో అది ఉండదని తెలిశాకే గుర్తొస్తుంది.

సియాటిల్ అనగానే టెన్షన్ అంతా కాస్కేడియా గురించే. అక్కడ పసిఫిక్ తీరం పొడవునా, సముద్రం అడుగున, హువాన్ డి ఫూకా అనే భూపలక ఉత్తర అమెరికా పలక కిందికి దూరుతోంది. 1700 జనవరి 26న అది దాదాపు 9 తీవ్రతతో కంపించింది. తేదీ ఇంత కచ్చితంగా ఎలా తెలిసిందంటే, ఆ సునామీ జపాన్ దాకా వెళ్లింది. అక్కడ భూమి అదరకుండానే సముద్రం పొంగేసరికి జనం వింతగా రాసిపెట్టుకున్నారు. ఇటు వాషింగ్టన్ తీరంలో కొపాలిస్ నది ఒడ్డున నేల కుంగి, ఉప్పునీళ్లకు చచ్చిన సీడర్ చెట్ల మోళ్లు ఇప్పటికీ నిలబడే ఉన్నాయి. అలాంటిది రాబోయే 50 ఏళ్లలో మళ్లీ వచ్చే అవకాశం 10–15 శాతం అంటారు. వస్తే మూడు నుంచి ఐదు నిమిషాలు ఊపుతుంది.

బే ఏరియాలో, అంటే శాన్ ఫ్రాన్సిస్కో చుట్టుపక్కల, పలకలు ఒకదాన్నొకటి ఒరుసుకుంటూ పక్కకు జరుగుతాయి. 9 తీవ్రత అక్కడ రాదు. 1906లో శాన్ ఫ్రాన్సిస్కోను బూడిద చేసింది 7.9. కాకపోతే భూమిలోని పగుళ్లు, అంటే ఫాల్ట్‌లు, ఇళ్ల కిందే ఉన్నాయి. మనవాళ్లు గుంపుగా ఉండే ఫ్రీమాంట్ మీదుగానే హేవర్డ్ ఫాల్ట్ పోతుంది. హేవర్డ్ ఊళ్లో ఒక వీధి మూల ఫుట్‌పాత్ అంచు ఏటేటా మిల్లీమీటర్ల లెక్కన విడిపోతుంటే భూగర్భ శాస్త్రవేత్తలు దశాబ్దాలపాటు ఫొటోలు తీశారు. 2016లో సిటీ పనివాళ్లొచ్చి, పాపం, దాన్ని చక్కగా సరిచేసి పోయారు! 2014–2043 మధ్య బే ఏరియాలో 6.7 లేదా అంతకు మించింది వచ్చే అవకాశం 72 శాతమని అమెరికా ప్రభుత్వ భూగర్భ సర్వే సంస్థ యూఎస్‌జీఎస్ అంచనా.

నా ఓటు సియాటిల్‌కే. కాస్కేడియాలో పలకలు ఒకదానికొకటి బిగిసిపోయి ఉన్న భాగం ఊరికి వంద కిలోమీటర్ల పైచిలుకు దూరం. 2001లో వచ్చిన 6.8 కూడా 50 కిలోమీటర్ల లోతున పుట్టింది కాబట్టి నష్టం ఓ మోస్తరుతో పోయింది. అలాగని నిశ్చింత కాదు, ఊరి కిందుగానే సియాటిల్ ఫాల్ట్ ఉంది. అది పెద్ద ఎత్తున కదిలి 1,100 ఏళ్లు. అందుకే పయనీర్ స్క్వేర్‌లోలాంటి పాత ఇటుక బిల్డింగులు, సోడోలాంటి పూడ్చిన నేల నేనైతే ముట్టను. పునాదికి బోల్టులు బిగించిన చెక్క ఇల్లు చాలు.

బే ఏరియాకే వెళ్తుంటే, కింద గ్యారేజీ, పైన ఫ్లాట్లు ఉన్న పాత చెక్క బిల్డింగులు జాగ్రత్త. 1989 భూకంపంలో శాన్ ఫ్రాన్సిస్కో మరీనా పేటలో కూలినవి అవే. అడ్వాన్స్ ఇచ్చేముందే రిట్రోఫిట్ (భూకంపానికి తట్టుకునేలా బలపరచడం) అయిందా అని ఓనర్‌ని అడగండి.