క్యారీ పిస్టల్‌కి చిన్న లైటు: టీఎల్‌ఆర్-7ఎ ఏళ్ళ తరబడి వాడాక

డాలస్ చుట్టుపక్కల మనవాళ్ళలో పిస్టల్ క్యారీ చేసేవాళ్ళు ఇప్పుడు బాగానే ఉన్నారు. దాని కింద ఏ లైటు పెట్టాలని అడిగేవాళ్ళూ పెరిగారు. నా గ్లాక్ 19 జెన్ 5 పిస్టల్ కింద స్ట్రీమ్‌లైట్ కంపెనీ లైటు టీఎల్‌ఆర్-7ఎ కొన్నేళ్ళుగా ఉంటోంది, వంద డిగ్రీల ఎండల్లోనూ చలికాలం జాకెట్ కిందా రోజూ నడుముకే ఉంటుంది. లైటు మంచిదే, మళ్ళీ కొనాల్సి వస్తే ఈ వరసలోదే కొంటాను. కానీ నన్నడిగితే ఏ లైటు అన్నది మూడో ప్రశ్న. మొదటిది జేబులో ఉండాల్సిన మామూలు టార్చి, రెండోది హోల్‌స్టర్, అంటే పిస్టల్ పెట్టుకునే ఒర. ఈ రెండూ తేల్చుకోకుండా లూమెన్ల లెక్క చూసి లైటు కొన్నవాళ్ళు నాకు తెలిసి చాలామంది దాన్ని డ్రాయర్‌లో పడేశారు.

ముందు చట్టం సంగతి. లైటు ఎవరైనా కొనొచ్చు, పిస్టల్ అలా కాదు. టెక్సస్‌లో 2021 సెప్టెంబర్ 1 నుంచి, 21 ఏళ్ళు నిండి, చట్టప్రకారం తుపాకీ ఉంచుకునే అర్హత ఉన్నవాళ్ళు లైసెన్స్ లేకుండానే హ్యాండ్‌గన్ క్యారీ చేయొచ్చు. ఆ అర్హత దగ్గరే మనవాళ్ళు పొరపడుతున్నారు. హెచ్1బి, హెచ్4, ఎఫ్1 లాంటి వీసాల మీద ఉన్నవాళ్ళు తుపాకీ గానీ తూటాలు గానీ ఉంచుకోవడం ఫెడరల్ చట్టం ప్రకారం నేరం. హంటింగ్ లైసెన్స్ లాంటి కొన్ని మినహాయింపులు ఉన్నాయి గానీ, వాటిని నమ్ముకుని ముందుకెళ్ళే ముందు లాయర్‌ని అడగాలి. గ్రీన్ కార్డ్ ఉన్నవాళ్ళకి, సిటిజన్లకి ఆ నిషేధం లేదు. మీ ఇంట్లో వీసా మీద ఉన్న తమ్ముడో బావమరిదో ఉంటే సేఫ్ కోడ్ అతనికి చెప్పకండి, ఇది మర్యాదకి సంబంధించిన విషయం కాదు, అతని ఇమ్మిగ్రేషన్ బతుకంతా దీనిమీద ఆధారపడి ఉంటుంది. టెక్సస్‌లో లైసెన్స్ తప్పనిసరి కాకపోయినా నేను తీసుకున్నాను, మీరూ తీసుకోండి, ఆ క్లాసులో చట్టం నేర్పిస్తారు, వేరే చాలా రాష్ట్రాల్లో అది చెల్లుతుంది.

ఇక లైటు ఎందుకు? ఎదుట ఉన్నది ఎవరో తెలుసుకోవడానికి. దీనికి మించిన కారణం నాకు కనపడలేదు. మన ఇళ్ళల్లో బంగారం ఉంటుందని దొంగలకు తెలుసు. జార్జియా, న్యూయార్క్, న్యూజెర్సీ, మిషిగన్, టెక్సస్‌లలో పనిగట్టుకుని ఇండియన్ల, ఆసియన్ల ఇళ్ళనే దోచిన ఒక ముఠా నాయకురాలికి 2019లో మిషిగన్‌లోని ఫెడరల్ కోర్టు 37 ఏళ్ళ జైలు శిక్ష వేసింది. కాబట్టి భయం ఊరికే పుట్టింది కాదు. కానీ అదే ఇంట్లో ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలు జెట్‌లాగ్‌తో తెల్లవారుజామున మూడింటికి లేచి, మన నిద్ర చెడిపోతుందని లైటు కూడా వేయకుండా వంటింట్లో కాఫీ గిన్నె కోసం వెతుక్కుంటూ ఉంటారు. కాలేజీ నుంచి చెప్పకుండా వచ్చిన పిల్లాడు గరాజ్ తలుపు తీసుకుని లోపలికి వస్తాడు. మా ఇంట్లో చీకట్లో వినిపించే చప్పుళ్ళన్నీ దాదాపు ఇలాంటివే. చీకట్లో కదిలే ఆకారాన్ని చూసి ఎవరో తెలియకుండా ట్రిగ్గర్ మీద వేలు పెట్టే మనిషి ఇంట్లో తుపాకీ ఉంచుకోకూడదు.

అందుకే జేబు టార్చి ముందు అన్నాను. పిస్టల్‌కి బిగించిన లైటు ఎటు చూస్తే పిస్టల్ గొట్టం కూడా అటే చూస్తుంది. దాంతో అమ్మ ముఖం మీద వెలుగు వేశామంటే అమ్మ ముఖం మీద తుపాకీ పెట్టినట్టే. వెతకడానికి, చప్పుడేమిటో చూడటానికి, కారు సీటు కింద పడిన తాళాలు తీయడానికి, పార్కింగ్ లాట్‌లో అడుగులు చూసుకోవడానికి చేతి టార్చి వాడాలి. చప్పుడైతే ముందు గట్టిగా పిలవాలి, మా ఇంట్లో అందరికీ చెప్పి ఉంచాను, పేరు పెట్టి పిలిస్తే వెంటనే పలకాలని. అమ్మానాన్నలు వచ్చినప్పుడు హాల్లో, వంటింట్లో చిన్న నైట్ ల్యాంపులు పెడతాం, నాలుగు డాలర్ల ఆ బల్బు నా దృష్టిలో పిస్టల్ లైటు కన్నా ఎక్కువ ప్రాణాలు కాపాడుతుంది. పిస్టల్ లైటు పని ఎక్కడ మొదలవుతుందంటే, పిస్టల్ తీయక తప్పని పరిస్థితి వచ్చేసి, రెండు చేతులూ దానిమీదే ఉన్నప్పుడు.

ఇక లూమెన్లు. డబ్బా మీద పెద్ద అక్షరాల్లో ఉండేది అదే. లూమెన్ అంటే లైటు నుంచి బయటికొచ్చే మొత్తం వెలుగు, క్యాండెలా అంటే ఆ వెలుగు నడిమధ్యలో ఎంత తీవ్రంగా ఉందో. టీఎల్‌ఆర్-7ఎకి 500 లూమెన్లు, 5,000 క్యాండెలా. ఒక్క సీఆర్123ఎ బ్యాటరీతో గంటన్నర వెలుగుతుంది, బరువు సుమారు 68 గ్రాములు. ఇంట్లో ఇది సరిపోతుంది, సరిపోవడమేంటి, ఇక్కడి ఇళ్ళల్లో తెల్ల గోడలకి కొట్టి వెనక్కి వచ్చే వెలుగుకి మన కళ్ళే చెదురుతాయి. అందుకే లో-లైట్ క్లాసుల్లో నేర్పేది, గొట్టం నేలవైపు దించి ఉంచి లైటు వేయమని. నేల మీద పడి చెదిరిన వెలుగులోనే గది మొత్తం, మనిషి చేతులు, ముఖం కనిపిస్తాయి, ఎవరి మీదా గురిపెట్టనక్కర్లేదు. లైట్లన్నీ ఆర్పేసి, ఖాళీ చేసిన పిస్టల్‌తో, ఎవరూ ఇంట్లో లేనప్పుడు మీ హాల్లో ఒకసారి చేసి చూడండి, వెయ్యి లూమెన్ల మోజు సగం తగ్గుతుంది.

బయట లెక్క మారుతుంది. వీధి దీపం వెలుగులో, ఎదురుగా ఉన్న కారు హెడ్‌లైట్ల వెనక, నల్ల అద్దాల లోపల ఏముందో చూడాలంటే 5,000 క్యాండెలా చాలదు. షూర్‌ఫైర్ ఎక్స్300యూ 1,000 లూమెన్లు, 11,300 క్యాండెలా ఇస్తుంది, తేడా కంటికి తెలుస్తుంది. కానీ దానికి రెండు బ్యాటరీలు కావాలి, గ్లాక్ 19 గొట్టం దాటి ముందుకొస్తుంది, నడుములో పెట్టుకుని కారులో గంట కూర్చుంటే ఆ పొడుగు కూడా తెలుస్తుంది. స్ట్రీమ్‌లైట్‌వాళ్ళదే తర్వాత వచ్చిన టీఎల్‌ఆర్-7 హెచ్ఎల్-ఎక్స్ ఇంచుమించు చిన్న ఒంట్లోనే 1,000 లూమెన్లు, 22,000 క్యాండెలా అంటోంది, ఈరోజు కొత్తగా కొనేవాళ్ళు దాన్ని తప్పక చూడాలి. ఇటు చివర షూర్‌ఫైర్ ఎక్స్‌సీ1-బి ఉంది, ఒక్క ట్రిపుల్ ఏ బ్యాటరీ, 300 లూమెన్లు, చాలా చిన్నది, దాచుకోవడానికి దీని తర్వాతే ఏదైనా, కానీ ధర టీఎల్‌ఆర్-7ఎకి ఇంచుమించు రెట్టింపు. ఇంకా చిన్న పిస్టళ్ళకి బిగించే టీఎల్‌ఆర్-6 అయితే 100 లూమెన్లే. నేను దాన్ని సిఫార్సు చేయను, మంచి టార్చి చేతిలో ఉన్నవాడికి దాంతో కొత్తగా వచ్చేదేమీ లేదు.

స్విచ్ గురించి ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే అది ప్రాణాల మీదకి వచ్చే విషయం. 2010లో ఇక్కడే, డాలస్ పక్కన ప్లానోలో ఒక పోలీసు అధికారి లైటు వెలిగిద్దామని ట్రిగ్గర్ నొక్కేశాడు, ఎదుట ఉన్న మనిషి చనిపోయాడు. ఆ పిస్టల్‌కి స్విచ్ ట్రిగ్గర్ గార్డ్ (ట్రిగ్గర్ చుట్టూ ఉండే కమ్మీ) కింద, పిడి ముందువైపున, మధ్యవేలితో బిగించి నొక్కేలా ఉంది. టెన్షన్‌లో ఒక వేలు బిగిస్తే పక్క వేలు కూడా బిగుసుకుంటుంది, అది శరీరం తీరు, ఎంత ట్రైనింగ్ ఉన్నా. కాబట్టి ట్రిగ్గర్ వేసే చేతికి లైటుతో సంబంధం ఉండకూడదు. నేను కుడిచేతివాణ్ణి, స్విచ్ పని ఎడమ బొటనవేలిది, కుడి చూపుడువేలు నిటారుగా ఫ్రేమ్ మీద. మొదటి టీఎల్‌ఆర్-7లో స్విచ్‌ని పక్క నుంచి లోపలికి నొక్కాలి, 7ఎలో దాన్ని వెనక్కి తెచ్చి, ఎత్తుగా ఉండేదీ కిందికి ఉండేదీ రెండు రకాల మీటలు డబ్బాలోనే ఇచ్చారు. నాకు కిందికి ఉండేది కుదిరింది, చేతులు చిన్నవైనవాళ్ళు రెండూ బిగించి చూసుకోవాలి. పట్టు ఏమాత్రం మార్చకుండా బొటనవేలు అందితేనే ఆ లైటు మీది, షాపులో అది చూడకుండా డబ్బు కట్టొద్దు.

ఒక్కసారి తట్టి వదిలేస్తే లైటు వెలిగే ఉంటుంది, నొక్కి పట్టుకుంటే పట్టుకున్నంతసేపే వెలుగుతుంది. చదవడానికి తేలిక, కంగారులో చేతికి తేలిక కాదు. క్లాసులో చాలామందికి నొక్కి పట్టుకుందామనుకున్నది తట్టినట్టయి లైటు ఆరకుండా ఉండిపోతుంది. డ్రై ప్రాక్టీస్, అంటే తూటాలు లేకుండా చేసే సాధన తప్ప దీనికి మందు లేదు. లైటు గబగబా వెలిగి ఆరే స్ట్రోబ్‌ని నేను ఆపేసి ఉంచాను, మిణుకుమిణుకుమనే వెలుగులో ఎదుటివాడి చేతిలో ఫోన్ ఉందో కత్తి ఉందో నాకే సరిగా తెలియదు.

ఇప్పుడు హోల్‌స్టర్. లైటు లేని పిస్టల్‌కి చేసిన హోల్‌స్టర్‌లో లైటు పెట్టిన పిస్టల్ దూరదు. సరిగ్గా మీ పిస్టల్‌కి, సరిగ్గా మీ లైటుకి అచ్చుపోసిన కైడెక్స్ (గట్టి ప్లాస్టిక్) హోల్‌స్టర్ కావాలి. అందుకే ఎక్కువమంది వాడే లైటు కొనడంలో లాభం ఉంది, టీఎల్‌ఆర్-7ఎకి హోల్‌స్టర్ చేయని వర్క్‌షాప్ దాదాపు లేదు. పేరులేని చవక లైటు కొంటే హోల్‌స్టర్ దొరక్క తిరగాలి. ఇంకో సంగతి చాలామందికి తెలియదు: ఇలాంటి హోల్‌స్టర్లలో చాలావాటికి పట్టు ఉండేది లైటు మీద, పిస్టల్ మీద కాదు. లైటు పాడై రిపేరుకి పంపితే ఆ హోల్‌స్టర్‌లో ఒట్టి పిస్టల్ పెట్టుకుని బయటికి వెళ్ళకూడదు, వంగితే జారి కింద పడుతుంది. దానికోసం లైటు లేని హోల్‌స్టర్ ఒకటి విడిగా ఉంచుకున్నాను.

ట్రిగ్గర్ గార్డ్ దగ్గర ఖాళీ కూడా చూడాలి. లైటు పిస్టల్ కన్నా వెడల్పుగా ఉంటే, అది లోపలికి దూరడానికి హోల్‌స్టర్ నోరు వెడల్పు చేయాల్సి వస్తుంది, అప్పుడు ట్రిగ్గర్ పక్కన సందు మిగులుతుంది, అందులోకి చొక్కా అంచో వేలో దూరొచ్చు. పొట్ట దగ్గర పెట్టుకునేవాళ్ళకి ఇది చిన్న విషయం కాదు. పిస్టల్ ఖాళీ చేసి, చాంబర్ (గొట్టం వెనక తూటా కూర్చునే చోటు) కంటితోనూ వేలితోనూ చూసి, హోల్‌స్టర్‌లో పెట్టి పైనుంచి టార్చి వేసి చూడండి, ట్రిగ్గర్ కనబడితే ఆ హోల్‌స్టర్ వెనక్కి పంపేయండి. నేను మొదట తెప్పించిన ఒకదాన్ని అలాగే వెనక్కి పంపాను, అమ్మినవాళ్ళు వాదించారు గానీ డబ్బు ఇచ్చారు. టీఎల్‌ఆర్-7ఎ సన్నగా ఉండటం వల్ల ఆ సందు తక్కువ, నేను దీన్ని ఎంచుకోవడానికి అసలు కారణం ఇదే, లూమెన్లు కాదు.

దాచుకోవడం సంగతికొస్తే, లైటు వల్ల మందం కొంచెం పెరిగినా ఆ మందం కిందివైపు ఉండటం వల్ల పిడి బయటికి తోసుకురాదు, వదులు టీషర్టు కింద సరిపోతుంది. కుర్తా వేసుకునే పండగ రోజున, మందు ఉన్న పార్టీకి వెళ్ళేటప్పుడు, స్కూలుకి వెళ్ళాల్సిన పని ఉన్నప్పుడు పిస్టల్ ఇంట్లో సేఫ్‌లోనే ఉంటుంది. టెక్సస్‌లో 17 ఏళ్ళ లోపు పిల్లల చేతికి లోడ్ చేసిన తుపాకీ అందేలా వదిలేయడం నేరం. నేరం కాకపోయినా వదలకూడదు.

వాడకంలో తెలిసేది మసి. లైటు అద్దం గొట్టం నోటికి దాదాపు సమంగా ఉంటుంది కాబట్టి కాల్చినప్పుడల్లా అద్దం నల్లబడుతుంది, వెలుగు తగ్గుతుంది. కాల్చి సాధన చేసే రేంజ్‌కి వెళ్ళేముందు అద్దం మీద లిప్ బామ్ పల్చగా రాస్తే తర్వాత గుడ్డతో తుడిస్తే వచ్చేస్తుంది, గట్టిపడిన మసికి పెన్సిల్ రబ్బరు చాలు. చెమటకి హోల్‌స్టర్ మరలు తుప్పు పడతాయి, ఊడిపోకుండా లాక్‌టైట్ (మరలకి వేసే జిగురు) చుక్క వేయాలి. బ్యాటరీ ప్రతి దీపావళికి మారుస్తాను, తీసిన పాతది చేతి టార్చిలోకి పోతుంది. 7ఎకి బ్యాటరీ మార్చాలంటే ముందువైపు మూత తిప్పాలి, అంటే చేయి గొట్టం ముందుకి వస్తుంది, కాబట్టి పిస్టల్ ఖాళీ చేసి, లైటు ఊడదీసి, పక్కన పెట్టుకుని మార్చండి, రెండు నిమిషాలు ఎక్కువ పట్టినా సరే. 7ఎకి డిస్పోజబుల్ సీఆర్123ఎనే వాడాలి, రీఛార్జబుల్ కావాలంటే అదే వరసలోని టీఎల్‌ఆర్-7 ఎక్స్ తీసుకోండి. మళ్ళీ బిగించాక రేంజ్‌కి తీసుకెళ్ళి కొన్ని మ్యాగజైన్లు కాల్చి చూడండి, లైటు బరువు వల్ల పిస్టల్ తీరు మారే అవకాశం ఉంటుంది.

గ్లాక్ 43ఎక్స్ లాంటి సన్నవాటి మీద పెట్టేవాళ్ళకి ఇంకొక్క మాట. మామూలు 43ఎక్స్‌కి కింద లైటు బిగించే గాడి (రెయిల్) ఉండదు, ఎంఓఎస్ అని ఉన్నదానికే ఉంటుంది. దానికి 7ఎ కాదు, టీఎల్‌ఆర్-7 సబ్ కావాలి, అందులోనూ గ్లాక్‌ది వేరు, సిగ్ పీ365ది వేరు, ఒకదాని లైటు ఇంకోదానికి పట్టదు. ఆర్డర్ చేసేముందు డబ్బా మీద మీ పిస్టల్ పేరు ఉందో లేదో చూసుకోండి, హోల్‌స్టర్ ఆర్డర్ చేసేటప్పుడూ అదే పేరు అక్షరం పొల్లు పోకుండా రాయండి.