డైరెక్టర్ కావాలంటే: ఎడిటింగ్ రూమా, సెట్టా?

"అన్నా, డైరెక్టర్ అవ్వాలంటే ఏడీగా (అసిస్టెంట్ డైరెక్టర్‌గా) చేరనా, ఎడిటింగ్‌లో చేరనా?" వారానికి ఒక్కరైనా ఇదే అడుగుతున్నారు. రెండేళ్లు సెట్లో పనిచేసి పోయిన ఏడాదే ఎడిటింగ్ వైపు వచ్చాను కాబట్టి నాకు తెలిసింది చెప్తాను.

ముందు సెట్టు సంగతి. వందమందిని నడిపించడం, ఎండ పోయేలోపు సీన్ ముగించడం, అన్నిటికంటే ముఖ్యంగా నటులతో మాట్లాడటం అక్కడే వస్తుంది. మూడో టేక్ తేలిపోతుంది, నాలుగోది అదిరిపోతుంది. ఆ మధ్యలో డైరెక్టర్ వెళ్లి నటుడి చెవిలో ఏం చెప్పాడో రషెస్‌లో, అంటే ఎడిట్ చేయని ఫుటేజ్‌లో ఉండదు. 'కట్' అనగానే కెమెరా ఆగిపోతుంది కదా! ఎడిటర్‌కి అందని చదువు అది, చిన్నదేం కాదు. సౌండ్ రికార్డిస్టుగా మొదలైన కె. విశ్వనాథ్ గారు కూడా డైరెక్టర్ ఆదుర్తి సుబ్బారావు గారి దగ్గర పనిచేశాకే 1965లో 'ఆత్మగౌరవం' తీశారు. ఆ ఆదుర్తి గారు మాత్రం ఎడిటింగ్ నుంచి వచ్చినవారే.

అయినా నా ఓటు ఎడిటింగ్ రూమ్‌కే. రాసుకున్న సీన్ ఎక్కడ దెబ్బతిన్నదో కనపడేది అక్కడే. సెట్లో ఉన్నప్పుడు ఒక సీన్ తీశాం. కూతురు ఇల్లు వదిలి వెళ్తోంది, తండ్రికి ఒకటిన్నర నిమిషం డైలాగ్. షాట్ ఓకే కాగానే యూనిట్ అంతా చప్పట్లు. ఎడిటర్ ఆ డైలాగ్ మొత్తం లేపేశాడు. కూతురు చెప్పులు తొడుక్కుంటుంది, తండ్రి ఆమె బ్యాగు జిప్పు సరిచేస్తాడు, అంతే ఉంచాడు. అది చూస్తే నాకు గొంతు పట్టేసింది. చప్పట్లు కొట్టినవాళ్లలో నేనూ ఉన్నాను. ఆ డైలాగ్ అక్కర్లేదని సెట్లో ఒక్కరికీ తట్టలేదు.

ఈ దారికి హిందీ డైరెక్టర్ హృషీకేశ్ ముఖర్జీ కంటే మంచి ఉదాహరణ నాకు కనపడదు. కలకత్తాలోని న్యూ థియేటర్స్ స్టూడియోలో ఎడిటింగ్ నేర్చుకుని, డైరెక్టర్ బిమల్ రాయ్‌తో బొంబాయి వచ్చారు. 'దో బీఘా జమీన్' (1953)కి స్క్రీన్‌ప్లే ఆయనదే, ఎడిటింగూ ఆయనదే. తను రాసింది తనే కత్తిరించుకోవడం ఎంత కష్టమో చేసినవాళ్లకే తెలుస్తుంది. 1957లో 'ముసాఫిర్'తో డైరెక్టర్ అయ్యాక కూడా ఎడిటింగ్ టేబుల్ వదల్లేదు. మరుసటి ఏడాది 'మధుమతి'కి, 1965లో మలయాళం 'చెమ్మీన్'కి ఆయనే ఎడిటర్.

ఆయన తీసిన 'ఆనంద్' చివరి సీన్ మళ్లీ చూడండి. ఆనంద్ పోయాడు. 'మాట్లాడు' అని అతని స్నేహితుడు డాక్టర్ భాస్కర్ అరుస్తాడు. పక్కనే టేప్ రికార్డర్‌లో టేపు నిశ్శబ్దంగా తిరుగుతూనే ఉంటుంది. అప్పుడు వినపడుతుంది అందులో రికార్డైన ఆనంద్ గొంతు. ఆ గొంతు కాస్త ముందు వచ్చినా, కాస్త ఆలస్యమైనా ఆ దెబ్బ తగలదు. ఎంతసేపు ఆపాలో ఆ చేతికి టేబుల్ దగ్గరే అలవాటైందని నా నమ్మకం.

ఇక ఫిల్మ్ స్కూల్. డబ్బు, టైమ్ ఉంటే మంచిదే. 'మున్నాభాయ్' సినిమాల డైరెక్టర్ రాజ్‌కుమార్ హిరానీ పుణె ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్‌లో చదివింది ఎడిటింగే. షార్ట్ ఫిల్మ్స్ అంటారా, ఎందులో చేరినా తీస్తూనే ఉండొచ్చు.

ఎడిటింగ్‌లో చేరితే ఓకే టేకులతో సరిపెట్టుకోకండి, ఎన్‌జీ (బాగా రాలేదని పక్కన పెట్టిన) టేకులు కూడా మొదటినుంచి చివరిదాకా చూడండి. పని లేని రోజు పర్మిషన్ అడిగి షూటింగ్‌కి వెళ్లండి. మానిటర్ దగ్గర కాకుండా నటుల దగ్గర్లో నిలబడండి. 'కట్' తర్వాత మాటలు అక్కడైతేనే వినపడతాయి.