మూతపడ్డ పార్కుల్లో నేను చూసిన రెండు

బెర్లిన్‌లోని ష్ప్రీపార్క్ అనే వినోద పార్కు, వియత్నాంలో హ్యూ నగరం దగ్గరున్న థుయ్ తియెన్ వాటర్ పార్క్. రెండూ మూతపడ్డాకే చూశాను. ఏర్పాట్లు మొదటి చోట బాగున్నాయి, మనసు మాత్రం రెండో చోటే ఉండిపోయింది.

ష్ప్రీపార్క్ తూర్పు జర్మనీ కాలంలో, 1969లో మొదలై 2001లో మూతపడింది. నేను 2018లో వెళ్లాను, అప్పట్లో గైడ్‌తో అయితేనే లోపలికి పంపేవారు. 45 మీటర్ల జెయింట్ వీల్ అప్పటికింకా నిలబడే ఉంది, 2021లో విప్పేశారు. గాలి వీస్తే చాలు, కాస్త కదిలి కీచుమనేది, గైడ్ కూడా మాట ఆపేసి తలెత్తి చూశాడు. టీకప్పుల్లాంటి సీట్లలో కూర్చుని తిరిగే రైడ్‌లో ఒక కప్పు దగ్గర వంగి చూస్తే, మధ్యలో ఉండే చక్రానికి పిల్లలు చేతులు వేసే చోట మాత్రమే రంగు పోయింది, మిగతాదంతా అలాగే ఉంది. అక్కడ ఇంకాసేపు ఉండాలనిపించింది, కానీ గుంపు కదిలిపోయింది. గైడ్‌కి అన్నీ బాగా తెలుసు. జర్మన్ రానివాళ్లు ఏ భాషలో టూర్ ఉందో ముందే కనుక్కోండి.

ఉక్రెయిన్‌లోని ప్రిప్యాత్ ఊరి పార్కు కూడా చూడాలనుకున్నాను, యుద్ధం వల్ల కుదరలేదు. 1986 మే 1న తెరవాల్సిన పార్కు అది. ఏప్రిల్ 26న చెర్నోబిల్ అణు ప్రమాదం, మర్నాడే ఊరంతా ఖాళీ. అది తలచుకుంటేనే గుండె బరువెక్కుతుంది.

థుయ్ తియెన్ 2004లో తెరిచారు, కొన్నేళ్లకే మూసేశారు. నేను 2019లో హ్యూ ఊళ్లోనే బస చేసి, స్కూటర్ అద్దెకు తీసుకుని తెల్లవారుజామునే వెళ్లాను. ఆ నిర్ణయం మంచిదైంది, ఎనిమిది దాటాక జనం వచ్చేశారు. గేటు దగ్గర ఒకాయన రసీదు లేకుండా డబ్బు అడిగాడు, చాలా కోపమొచ్చింది, అయినా ఇచ్చి వెళ్లాను. లోపల నీళ్లు, టాయిలెట్ ఏమీ లేవు, కింద గాజు పెంకులు, మందపాటి బూట్లు లేకపోతే నడవలేం. చెరువు మీద పెద్ద డ్రాగన్, దాని కింద ఒకప్పటి అక్వేరియం. మెట్లెక్కి డ్రాగన్ నోట్లో కూర్చుంటే పళ్ల సందుల్లోంచి చెరువు మీద మంచు విడిపోవడం కనిపించింది. తొందరపెట్టేవాళ్లు ఎవరూ లేరు, గంటకు పైగా అక్కడే ఉన్నాను. 2023లో ఆ చోటు శుభ్రం చేసి జనానికి తెరిచారు. నాకు సంతోషంగానే ఉంది, కానీ నీళ్లు రాని స్లైడ్‌లో ఆకుల మధ్య మొలిచి నాకు కనిపించిన చిన్న మొక్కను పీకేసే ఉంటారు.