కరీంనగర్‌లో దేవుడు, కాకినాడలో ఇడ్లీ పాత్ర: మా 55 లీటర్ల కూలర్‌పై మూడు వేసవుల రివ్యూ

కంపెనీ పేరు అడగొద్దు, రాయను. ఏ కంపెనీ కూలర్ విప్పినా లోపల ఉండేది ఒక ఫ్యాను, ఒక చిన్న పంపు, మూడు వైపులా ప్యాడ్లు, కింద నీళ్ల ట్యాంకు, అంతే. మాది 55 లీటర్ల డెజర్ట్ కూలర్, 190 వాట్లు, కరీంనగర్‌లో 11,800 పెట్టి కొన్నాం. రెండు వేసవులు మా ఇంట్లో నడిచింది. మూడో ఏడు మేం ఏసీ పెట్టించుకున్నాక దీన్ని కాకినాడలో ఉండే మా అక్కా వాళ్లకు లారీ పార్సిల్లో పంపించాను, పంపింది చాలక "అక్కా, ఇది వేసుకుంటే మే నెలలో దుప్పటి కప్పుకోవాలి" అని ఫోన్లో గొప్పలు కూడా చెప్పాను. ఆ మాట పట్టుకుని ఇప్పటికీ ఏడిపిస్తున్నారు. అందుకే ఒకే కూలర్‌కు రెండు రేటింగులు ఇస్తున్నా. కరీంనగర్‌లో అయిదుకు నాలుగున్నర. కాకినాడలో ఒకటి, అది కూడా ఫ్యాన్ గాలికి.

ముందు కరీంనగర్ సంగతి. మే నెల మధ్యాహ్నం రెండింటికి మా వీధిలో బండి సీటు మీద చెయ్యి ఆన్చలేం. రోహిణి కార్తెలో రోళ్లు పగులుతాయంటారు, రోళ్ల మాటేమో గానీ డాబా మీది ట్యాంకు నీళ్లతో స్నానానికి హీటర్ అక్కర్లేదు. తేమ శాతం కూడా చూపించే చిన్న డిజిటల్ థర్మామీటర్ ఒకటి తెప్పించి కిటికీ బయట నీడలో పెడితే 42 డిగ్రీలు, తేమ 20 శాతం చూపించింది. దాన్నే తెచ్చి కూలర్ మూతి ముందు పెట్టి పది నిమిషాలు ఆగి చూస్తే 28. లోపల కంప్రెసర్ లేదు, గ్యాస్ లేదు, పది గంటలు నడిపినా రెండు యూనిట్లు కాలదు, కరెంటు పోతే ఇంట్లో ఇన్వర్టర్ మీద కూడా తిరుగుతుంది. మరి ఆ 14 డిగ్రీలు ఎటు పోయాయి?

పదో తరగతిలో ఉష్ణం పాఠం చదివినవాళ్లకు గుర్తుంటుంది, బాష్పీభవన గుప్తోష్ణం అని ఒకటి బట్టీ పట్టించేవాళ్లు, గ్రాముకు 540 కేలరీలు. పరీక్షకు రాసి మర్చిపోయాం. అది 100 డిగ్రీల దగ్గర మరిగే నీళ్ల లెక్క, మన ఇంటి వేడికి, అంటే 30 డిగ్రీల దగ్గర ఆవిరయ్యే నీళ్లకైతే ఇంకా ఎక్కువే, సుమారు 580. ఇంత వేడి తీసుకుని కూడా నీరు తను వేడెక్కదు, మొత్తం ద్రవం నుంచి ఆవిరిగా మారడానికే సరిపోతుంది, అందుకే దానికి గుప్తోష్ణం అని పేరు, లోపల దాక్కున్న వేడి. ఆ వేడి ఎవరో ఒకరు ఇవ్వాలి కదా. కూలర్‌లో పంపు తడిపే ప్యాడ్ల గుండా దూరే వేడి గాలే ఇస్తుంది, ఇచ్చి చల్లబడి మన ముఖానికి తగులుతుంది. మా అమ్మ రంజన్, అంటే నీళ్ల కుండ, చుట్టూ గోనె పట్టా చుట్టి తడిపేది, వెనకటికి దొరల బంగళాల్లో వట్టివేళ్ల తడికలు కట్టి నీళ్లు చల్లేవాళ్లు, అంతా ఇదే.

కావాలంటే ఒక పని చేయండి. కూలర్ వెనకవైపు వెళ్లి ప్యాడ్ మీద చెయ్యి పెట్టి చూడండి. మాకు కుడివైపు ప్యాడ్ పైమూలలో నీళ్లు పారే సన్న గొట్టం రంధ్రం మూసుకుపోయి అరచేతి మందాన ఎప్పుడూ పొడిగా ఉండేది. ఆ మూల వేలు పెడితే వేడిగా, నాలుగు అంగుళాలు కిందకి జరిపితే ఫ్రిజ్ తలుపు తీసినట్టు. రెండిటి గుండా వచ్చేది అదే వడగాలి. గుండుసూదితో ఆ రంధ్రం పొడిచాక గది చల్లదనంలో తేడా ఇంట్లో అందరికీ తెలిసింది.

ఇప్పుడు ఐస్ చాంబర్ అనే నాటకం గురించి. షాపులో కుర్రాడు పది నిమిషాలు దీని గురించే చెప్పాడు, పైన మూత తీసి ఐస్ ముక్కలు వేస్తే ఏసీ లాగే ఉంటుందట, దానికోసమే వెయ్యి రూపాయలు ఎక్కువ పెట్టి ఈ మోడల్ తీసుకున్నాం. మొదటి వారం పిల్లలు ఫ్రిజ్‌లో ట్రేలకు ట్రేలు గడ్డ కట్టించి పోశారు. ఒకరోజు కూర్చుని లెక్కేశాను. రెండు కిలోల ఐస్ కరగడానికి గ్రాముకు 80 కేలరీల చొప్పున 160 కిలోకేలరీలు, కరిగిన నీళ్లు 25 డిగ్రీలకు రావడానికి ఇంకో 50, మొత్తం 210. మా కూలర్ మంచి ఎండలో గంటకు 10 లీటర్ల నీళ్లు తాగుతుంది, ఉదయం పదకొండుకు నింపితే నాలుగింటికల్లా పంపు గరగరమని ఉత్త గాలి పీలుస్తుంది, అక్కడి నుంచి పట్టిన లెక్క ఇది. 10 లీటర్లు ఆవిరైతే 5,800 కిలోకేలరీలు. అంటే రెండు కిలోల ఐస్ చేసే పని ఈ కూలర్ ఉత్త నీళ్లతో రెండు నిమిషాల్లో చేసేస్తుంది. మనం మాత్రం ఆ ఐస్ కోసం రాత్రంతా ఫ్రిజ్ నడిపి, దాని వెనకాల జాలీ నుంచి వచ్చే వేడిని వంటింట్లో వదిలాం. ఇది చెప్తే పిల్లలకు కోపం వచ్చింది, నాకు మాత్రం వెయ్యి రూపాయలు గుర్తొచ్చాయి.

ఆ 5,800 ఎంత పెద్ద అంకె అనేది తెలియాలంటే ఏసీ టన్నుతో పోల్చాలి. ఏసీలో టన్ను అంటే ఏసీ బరువనుకునేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. పాతరోజుల్లో అమెరికాలో మంచుగడ్డలతో గదులు, గోదాములు చల్లబరిచేవాళ్లు, వాళ్ల టన్ను 907 కిలోలు, అంత ఐస్ 24 గంటల్లో కరగడానికి ఎంత వేడి లాగుతుందో అది ఒక టన్ను. గంటకు 3,000 కిలోకేలరీల పైచిలుకు. ఆ లెక్కన మా 190 వాట్ల డబ్బా దాదాపు రెండు టన్నులు. అయితే సంబరపడొద్దు, ఏసీ మూసిన గదిలో ఉన్న గాలినే తిప్పితిప్పి చల్లబరుస్తుంది, కూలర్ చల్లబరిచిన గాలి తేమ పట్టుకుని బయటికి పోవాల్సిందే, ఆ చల్లదనంలో చాలాభాగం దాంతోపాటే పోతుంది.

ఇక్కడే చాలామంది తప్పు చేస్తారు, మేమూ చేశాం. "చల్లగాలి బయటికి పోతుంది" అని కిటికీలు తలుపులు మూసి గది మధ్యలో కూలర్ పెడితే మొదటి అరగంట స్వర్గం, ఆ తర్వాత ఒళ్లంతా జిగట, బీరువాలో బట్టలు చెమ్మ వాసన, ఉప్పు డబ్బాలో ఉప్పు ముద్ద. గాలి ఎంత తేమ మోయగలదో అంతే మోస్తుంది, నిండిపోయాక ఇంకో చుక్క ఆవిరిని తీసుకోదు, ఆవిరి లేకపోతే చల్లదనం లేదు. కూలర్ వెనక భాగం కిటికీ బయటికి ఉండాలి, ఎదురుగా ఇంకో కిటికీ గానీ తలుపు గానీ కాస్త తెరిచి ఉండాలి. షాపువాడు ఈ ముక్క చెప్పి ఉంటే ఐస్ గురించి చెప్పిన పది నిమిషాలూ క్షమించేవాణ్ని.

మెషీన్ విషయానికొస్తే ఫ్యాన్ మోటారు బంగారం, మూడేళ్లలో ఒక్కసారి కూడా మొరాయించలేదు. పంపు మాత్రం నలభై రోజులకే పోయింది. వారంటీ కార్డు తీస్తే వారంటీ ఫ్యాన్ మోటారుకేనట, పంపుకు వర్తించదట, సర్వీసు మనిషి ఫోన్లో "సార్, బయట కొనుక్కోండి, అదే బెటర్" అన్నాడు, కనీసం నిజం చెప్పాడు. బజార్లో 250కి దొరికింది, ఆ తర్వాత అదే నడిచింది. ప్యాడ్లు తేనెపట్టులా ఉండే అట్ట రకం. పాత గడ్డి ప్యాడ్ల కంటే ఎక్కువకాలం వస్తాయి గానీ బోరు నీళ్లు పోస్తే తెల్లగా సున్నం పేరుకుంటుంది, ఎందుకంటే ఆవిరయ్యేది నీళ్లే, అందులోని ఉప్పులు ఎక్కడికీ పోవు, ట్యాంకులోనూ ప్యాడ్లలోనూ చిక్కబడుతూ ఉంటాయి. వారానికోసారి ట్యాంకు మొత్తం ఖాళీ చేసి తుడిచి ఎండబెట్టండి, సున్నానికీ మంచిది, డెంగీ దోమ గుడ్లు పెట్టడానికి ఇలాంటి నిలవ నీళ్లే వెతుక్కుంటుంది.

ఇక కాకినాడ. పార్సిల్ దిగిన రోజు సాయంత్రమే అక్క ఫోన్. "ఏరా, నీళ్లు పోశాం, స్విచ్ వేశాం, ఇల్లంతా ఆవిరి పట్టినట్టుంది, ఏమన్నా తిప్పి పెట్టామా?" వెనక నుంచి మా బావ గొంతు, "ఏమోయ్ బామ్మర్దీ, కూలర్ అని చెప్పి ఇడ్లీ పాత్ర పంపావా?" నాకు కోపమొచ్చింది గానీ పై నెల వెళ్లి చూస్తే ఆయనదే నిజం. నా థర్మామీటర్ కూడా పట్టుకెళ్లాను. బయట 36 డిగ్రీలే, మా ఊరితో పోలిస్తే చల్లన, కానీ తేమ 65 శాతం. కూలర్ ముందు 32. దిగింది నాలుగు డిగ్రీలు, అదీ గదిలో తేమను ఇంకా పెంచి. ఉదయం నింపిన ట్యాంకులో రాత్రికి కూడా సగం నీళ్లు అలాగే ఉన్నాయి.

వడగాలికి, ఉక్కపోతకు తేడా అప్పుడు బాగా తెలిసింది. మన ఒళ్లు కూడా ఒక కూలరే, చెమట ఆరితేనే చల్లబడతాం. సముద్రం పక్కన గాలి అప్పటికే తడిసి ఉంటుంది, చెమట ఆరదు, కారుతుంది. అలాంటి గదిలోకి మనమే ఇంకో పాతిక లీటర్ల ఆవిరి తోలితే ఒళ్లు అనే కూలర్ కూడా పనిచెయ్యదు. కరీంనగర్‌లో మిరుగు, అంటే మృగశిర కార్తె, పెట్టి రెండు వానలు పడగానే మా కూలర్ పనికిరాకుండా పోయేది, ప్యాడ్లు పాతబడ్డాయేమో అనుకునేవాణ్ని. కాకినాడలో ఏడాదిలో చాలా నెలలు ఆ మిరుగు లాంటి గాలే.

బావ అంతటితో ఊరుకోలేదు. వాళ్ల పడకగదిలో టన్నున్నర ఏసీ ఉంది, దానికి తోడుగా ఈ కూలర్ కూడా వేస్తే ఇంకా చల్లగా ఉంటుంది కదా అని రెండూ కలిపి వేశారు. నేను ఉన్న రాత్రే. ఏసీ గొట్టం కింద అక్క పెట్టే బకెట్ తెల్లారేసరికి పొంగి వరండా తడిసింది. ఏసీ లోపలి చల్లటి రేకులకు గదిలో ఆవిరి తగిలి తిరిగి నీరవుతుంది, అలా మారేటప్పుడు లీటరుకు అదే 580 కిలోకేలరీలు వెనక్కి ఇచ్చేస్తుంది, ఆ వేడినంతా ఏసీ మోసుకెళ్లి బయటి యూనిట్ ద్వారా వీధిలో వదలాలి. అంటే కూలర్ గదిలోకి ఆవిరి తోలుతుంటే ఏసీ కరెంటు తిని దాన్ని నీళ్లు చేసి బకెట్లో పోసింది, రాత్రంతా ఇద్దరూ పోటీపడి పనిచేశారు. ఇది చెప్తే బావ కాసేపు ఆలోచించి, "అయితే ట్యాంకు నీళ్లు బకెట్లోకి పొయ్యడానికి ఇంత ఖర్చు పెట్టామా" అన్నాడు.

కాబట్టి కొనేముందు ఊరు చూసుకోండి. కరీంనగర్, రామగుండం, ఆదిలాబాద్, ఇటు కర్నూలు, అనంతపురం లాంటి చోట్ల ఏప్రిల్ నుంచి మిరుగు దాకా కళ్లు మూసుకుని కొనొచ్చు, ఐస్ చాంబర్ లేని చవక మోడల్ చాలు, ట్యాంకు మాత్రం పెద్దది తీసుకోండి. విశాఖ, కాకినాడ, మచిలీపట్నం వైపు అయితే ఆ డబ్బుకు మంచి పెడస్టల్ ఫ్యాన్ రెండు వస్తాయి. మధ్యలో ఉన్న ఊళ్లవాళ్లు ముందు తేమ చూపించే థర్మామీటర్ కొని మే నెలలో ఒక వారం కిటికీలో పెట్టి చూడండి.

మా కూలర్ ప్రస్తుతం అక్కా వాళ్ల మెట్ల కింద ఉంది, పంపు తీసేసి ఉత్త ఫ్యాన్‌గా వాడుతున్నారు. మా ఇంట్లో మే నెల ఏసీ బిల్లు చూశాక దాన్ని వెనక్కి తెప్పించుకోవాలని ఉంది. పార్సిల్ ఆఫీసువాళ్లు 900 అడుగుతున్నారు. ఇస్తాను గానీ, పంపు తియ్యడంలో నీళ్ల గొట్టం ఎక్కడ పెట్టాడో బావకే గుర్తులేదట.