ఒక్క చెడ్డరోజు మనిషిని మార్చివేయగలదా? ‘ద కిల్లింగ్ జోక్’ సమీక్ష

అమెరికా కామిక్స్ సంస్థ డీసీ కామిక్స్ 1988లో ప్రచురించిన ‘బ్యాట్‌మన్: ద కిల్లింగ్ జోక్’ యాభై పుటలు కూడా లేని చిన్న బొమ్మల కథల పుస్తకం. అలన్ మూర్ రాసిన కథకు బ్రయన్ బోలండ్ బొమ్మలు గీశారు. ఎంత నిబ్బరం గల మనిషినైనా ఒక్క చెడ్డరోజు పిచ్చివాడిని చేసి వదులుతుందన్నది ఇందులో బ్యాట్‌మన్ శత్రువైన జోకర్ వాదన. దాన్ని రుజువు చేయడానికి అతడు బ్యాట్‌మన్ ఉండే గోథమ్ నగరపు పోలీసు కమిషనర్ గోర్డన్‌ను ఎంచుకుని, ఆయన కళ్లెదుటే కూతురు బార్బరాను కాల్చి, ఆయనను ఒక పాడుబడిన ఎమ్యూజ్‌మెంట్ పార్కుకు ఎత్తుకుపోయి, గాయపడి పడివున్న ఆ అమ్మాయి ఫొటోలను బలవంతంగా చూపిస్తాడు.

ఈ దారుణం నడుమ జోకర్ గతం కూడా తెలుస్తూ ఉంటుంది. నవ్వించలేని హాస్యనటుడు, గర్భవతి అయిన భార్య, పేదరికం, గత్యంతరం లేక ఒప్పుకున్న దొంగతనం, సరిగ్గా ఆ రోజే భార్య మరణం. చదువుతున్నంతసేపూ జాలి కలుగుతుంది. అయితే తన గతం ఒక్కోసారి ఒక్కోలా గుర్తుకొస్తుందని జోకరే చెబుతాడు కనుక, అతని సిద్ధాంతానికి ఉన్న ఏకైక సాక్ష్యం అక్కడే బలహీనపడుతుంది. మూర్ రచనలో నాకు అన్నిటికంటే నచ్చిన అంశం ఇదే.

బోలండ్ బొమ్మలు అసాధారణమైనవి. వర్తమానంలోని ఒక గడిలో మనిషి నిలిచిన భంగిమ మరుసటి గడిలో గతంలోని దృశ్యంగా మారిపోతుంది, అతుకు ఎక్కడా కనిపించదు. మొదటి ముద్రణకు జాన్ హిగిన్స్ రంగులు వేయగా, 2008 ముద్రణకు బోలండ్ స్వయంగా మళ్లీ వేశారు. గతాన్ని దాదాపు నలుపు తెలుపుల్లో ఉంచి, ఏదో ఒక వస్తువుకు మాత్రమే ఎరుపు అద్దిన ఈ రెండో పద్ధతి కథకు బాగా నప్పింది.

అంత హింస తర్వాత కూడా జోకర్‌ను చట్టబద్ధంగానే పట్టి తేవాలని గోర్డన్ బ్యాట్‌మన్ దగ్గర పట్టుబట్టడాన్ని రచయిత విజయంగా నిలబెట్టారు. అది నిజంగా గొప్ప ఘట్టం. కానీ అంతకంటే బలమైన జవాబు అదే పుస్తకంలో ఆసుపత్రి మంచం మీద ఉంది. అందరికంటే ఘోరమైన రోజును అనుభవించిన బార్బరా కళ్లు తెరవగానే ఆరాటపడింది తన గురించి కాదు, తండ్రి గురించి. ఆమె నిబ్బరాన్ని కథ గుర్తించనే లేదు. ఇద్దరు మగవాళ్ల మధ్య పందేనికి ఆమె శరీరాన్ని పావుగా వాడుకుని పక్కన పెట్టేసింది. నా దృష్టిలో ఇది చిన్న లోపం కాదు, పుస్తకం ఎత్తుకున్న ప్రశ్నకే జరిగిన అన్యాయం. మూర్ కూడా తర్వాతి కాలంలో ఈ రచన పట్ల అసంతృప్తి వెలిబుచ్చారు.

ఆ లోటును జాన్ ఆస్ట్రాండర్, కిమ్ యేల్ 1989లో ‘సూసైడ్ స్క్వాడ్’ కామిక్‌లో పూరించడం మొదలుపెట్టారు. ఆ కాల్పుల వల్ల నడవలేకపోయిన బార్బరా వారి చేతుల్లో చక్రాల కుర్చీలోనే ఉండి, కంప్యూటర్ల సాయంతో సమాచారం అందించే ‘ఒరాకిల్’ అయింది. పిల్లలకు ఏమాత్రం తగని ఈ పుస్తకాన్ని పెద్దలు 2008 నాటి రంగుల్లో కొనుక్కోవచ్చు, వీలైతే ఒరాకిల్ కథలను కూడా వెంటనే చదవాలి.