మేరీ డయ్యర్ జాడల్లో ఐదు రోజులు: బోస్టన్, సేలం, న్యూపోర్ట్

జూన్ 1న బోస్టన్‌లో ఉండాలని మా అమ్మాయికి ఆరు నెలల ముందే చెప్పి పెట్టాను. 1660లో అదే తేదీన ఆ ఊళ్లో మేరీ డయ్యర్ అనే ఆవిడని ఉరి తీశారు. ఆవిడ దొంగతనం చేయలేదు, ఎవరినీ చంపలేదు. క్వేకర్లనే క్రైస్తవ శాఖలో చేరినందుకు ఊరు విడిచి పొమ్మన్నారు, మళ్లీ కనిపిస్తే ప్రాణం తీస్తామన్నారు. ఆవిడ మళ్లీ వచ్చింది.

తెనాలిలో ముప్పై ఏళ్లు చరిత్ర పాఠాలు చెప్పాను. అప్పట్లో బోస్టన్‌ని ఏలిన ప్యూరిటన్లు, అంటే కఠిన నియమాల ఇంగ్లిష్ క్రైస్తవులు, మతస్వేచ్ఛ కోసం సముద్రం దాటి అమెరికా వెళ్లారని ఏటా పిల్లలకు చెప్పేదాన్ని. అది సగం నిజమేనని రిటైరయ్యాక చదువుకుంటేగానీ తెలియలేదు. వాళ్లు కోరుకున్న స్వేచ్ఛ వాళ్ల వరకే. దాన్ని పక్కవాళ్లు అడిగితే ఏం జరిగిందో ఆ ఊళ్లలోనే చూడాలనిపించింది. అదే దారిలో వెళ్లాలనుకునేవాళ్లకి పనికొస్తుందని ఏది చూడాలో, దేనికి టైమ్ పెట్టక్కర్లేదో రాస్తున్నాను.

ముందు బస సంగతి. అమ్మాయి వాళ్లుండేది ఆష్‌లాండ్ దగ్గర. అక్కడి నుంచి రోజూ కారులో రావచ్చు కానీ బోస్టన్ నడిబొడ్డున పార్కింగ్ ఖర్చు చూస్తే గుండె ఆగుతుంది. అందుకని రెండు రాత్రులకి ఊరి మధ్యలో హోటల్ తీసుకున్నాం. మే ఆఖరులో కాలేజీల పట్టాల పండగ, రేట్లు మండిపోతుంటాయి. మాకు రాత్రికి మూడొందల డాలర్ల పైనే పడింది. బుక్ చేసినప్పుడు చూపించని ఫీజు ఒకటి దిగేటప్పుడు బిల్లులో కలిపారు. అడిగితే "అందరికీ అంతేనండీ" అన్నారు. గది మాత్రం శుభ్రంగా ఉంది. మళ్లీ వెళ్తే మాల్డెన్‌లోనో క్విన్సీలోనో దిగుతాను. రెండు చోట్లా సబ్‌వే రైలు ఉంది, టికెట్టు 2 డాలర్ల 40 సెంట్లు, ఊళ్లోకి అరగంటలోపే.

బోస్టన్‌లో అందరూ చేసేది ఫ్రీడమ్ ట్రెయిల్. రోడ్డు మీద ఎర్ర ఇటుకల గీత, దాని వెంట రెండున్నర మైళ్లు నడక. బ్రిటిష్ పాలన మీద తిరగబడ్డ విప్లవకాలం కథలన్నీ అందులో ఉన్నాయి, తప్పకుండా చూడండి. మేం వెంట వెళ్లిన గైడ్ చాలా బాగా చెప్పాడు, టీ పెట్టెలు సముద్రంలో పారేసిన రోజుని కళ్లకు కట్టాడు. క్వేకర్ల గురించి అడిగితే మాత్రం "అది మన టూర్‌లో లేదండీ" అని ముందుకు సాగాడు. నాకు బాధేసింది. నడక మొదలయ్యే బోస్టన్ కామన్ పార్కులోనే ఆ ఉరి జరిగిందని చాలామంది నమ్మకం. అక్కడ కాదు, ఊరికి దక్షిణాన సన్నని మెడలా ఉండే నేల మీద జరిగిందని కొందరు చరిత్రకారులంటారు. ఏది నిజమైనా, ఆ పార్కులో నిలబడి ఆమె పేరు ఒక్కసారైనా తలచుకోవాలి కదా.

అదే గీత వెంట ఉత్తరాన కాప్స్ హిల్ శ్మశానం వస్తుంది. అక్కడ చాలామంది ఫొటో తీసుకుని వెళ్లిపోతారు. మీరు మాత్రం ఓ అరగంట ఆగి నికొలస్ అప్సాల్ సమాధి రాయి వెతకండి. మాకు పావుగంట పట్టింది. పలుచని పలక, మీద పాతకాలపు అక్షరాలు, చనిపోయిన ఏడు 1666. ఆయన క్వేకర్ బోధకుడేం కాదు, ఊళ్లో సత్రం నడిపే ముసలాయన. 1656 జులైలో బార్బడోస్ నుంచి ఒక ఓడలో ఇద్దరు క్వేకర్ స్త్రీలు దిగారు. ఒకరు మేరీ ఫిషర్, ఇంగ్లండులో పనిమనిషిగా బతికిన అమ్మాయి. ఇంకొకరు ఆన్ ఆస్టిన్, అయిదుగురు పిల్లల తల్లి. వాళ్లు తెచ్చిన వందదాకా పుస్తకాలను తగలబెట్టారు. మంత్రగత్తెల గుర్తులున్నాయేమోనని బట్టలిప్పించి ఒళ్లంతా వెతికారు. ఎవరితోనూ మాట్లాడకుండా జైలు కిటికీకి పలకలు కొట్టేశారు. తిండి కూడా సరిగ్గా పెట్టలేదు. ఈ అప్సాల్ జైలరుకి వారానికి అయిదు షిల్లింగులిచ్చి వాళ్లకు అన్నం పంపించుకున్నాడు. అయిదు వారాల తర్వాత వాళ్లని వచ్చిన దారినే పంపేశారు. క్వేకర్లకు వ్యతిరేకంగా చట్టం తెచ్చినప్పుడు తప్పని నోరు విప్పినందుకు ఆయనకు జరిమానా వేసి ఊరి నుంచి వెళ్లగొట్టారు. ఆ రాయి ముందు నేను చెప్పులు విప్పి నిలబడ్డాను.

మేరీ ఫిషర్ కథ అక్కడితో ఆగలేదు. రెండేళ్లకి, 1658లో, ఆవిడ టర్కీ సుల్తాను నాలుగో మహమ్మద్‌ని కలవడానికి ఎడ్రియనోపుల్ దాకా వెళ్లింది. సుల్తాను ఆమె మాట మర్యాదగా విన్నాడు. బోస్టన్‌లో సాటి క్రైస్తవులు కిటికీకి చెక్కలు కొట్టిన మనిషి మాటే అది.

శనివారం సేలం వెళ్లాం. నార్త్ స్టేషన్ నుంచి రైల్లో అరగంట. శని ఆదివారాలు రెండు రోజులూ ఎంత తిరిగినా 10 డాలర్లే అనే పాస్ ఉంది, అది తీసుకోండి. రైలు సౌకర్యం బాగుంది, మోకాళ్ల నొప్పి ఉన్న నాలాంటివాళ్లకి స్టేషన్ నుంచి ఊళ్లోకి నడక కూడా తేలిక. సేలం ఊరంతా మంత్రగత్తెల బొమ్మలు, టోపీలు, షాపులు. టికెట్టు పెట్టి చూపించే ఒక ప్రదర్శనలో లైట్లు ఆర్పి కేకలు వినిపించారు. డబ్బు దండగ, అందులో మనుషుల బాధ ఎక్కడా లేదు. మంత్రగత్తెలన్న నెపంతో 1692లో చంపేసినవాళ్ల స్మారకం మాత్రం ఉచితం. రాతి గోడలోంచి బయటికి వచ్చిన బెంచీ రాళ్లు, ఒక్కోదాని మీద ఒక్కో పేరు, తేదీ, ఎలా చంపారో ఆ మాట. అక్కడ గంట కూర్చున్నా ఫర్వాలేదు.

నేను వెళ్లింది అంతకు ముప్పై ఏళ్లకు పైగా ముందు అక్కడ బతికిన కసాండ్రా సౌత్‌విక్ కోసం. భర్త లారెన్స్, ఆమె పెద్ద వయసువాళ్లు. క్వేకర్లకు ఇంట్లో చోటిచ్చారని, చర్చికి రావడం లేదని జరిమానాలు, జైలు. వాళ్ల పిల్లలు డేనియల్, ప్రొవైడెడ్ జరిమానా కట్టలేకపోతే ఇద్దరినీ బార్బడోస్‌లోనో వర్జీనియాలోనో అమ్మేయమని 1659లో కోర్టు ఉత్తర్వు ఇచ్చింది. వాళ్లని తీసుకెళ్లడానికి ఏ ఓడ కెప్టెనూ ఒప్పుకోలేదు. తల్లిదండ్రుల్ని వెళ్లగొడితే న్యూయార్క్ వైపున్న షెల్టర్ ఐలాండ్ అనే దీవికి చేరి 1660లో అక్కడే కన్నుమూశారు. సేలంలో నేను తిరిగిన వీధుల్లో, షాపుల్లో వాళ్ల పేరు నాకు కనబడలేదు. ఈ విషయం కోసమే అయితే సేలంకి పూట చాలు.

ఆదివారం జూన్ 1. పొద్దున కేంబ్రిడ్జ్‌లో లాంగ్‌ఫెలో పార్క్ దగ్గరున్న క్వేకర్ల ప్రార్థనకి వెళ్లాం. ఈ యాత్ర మొత్తంలో నేను అన్నిటికన్నా పైన పెట్టేది ఇదే. ఎవరైనా రావచ్చు, టికెట్టు లేదు, చందా అడగరు. సాదా గది, బెంచీలు. విగ్రహం లేదు, శిలువ లేదు, ముందు నిలబడి ఉపన్యాసమిచ్చే గురువు లేడు. అందరూ గంటసేపు మౌనంగా కూర్చుంటారు. లోపలి నుంచి మాట పుడితే ఆడైనా మగైనా లేచి చెబుతారు. ఆ రోజు ముప్పావుగంట దాకా ఎవరూ లేవలేదు. కిటికీ బయట పిట్ట అరుపు, ఎవరిదో దగ్గు. తర్వాత నా ముందు వరుసలో ఊతకర్ర పట్టుకున్న పెద్దావిడ లేచి, పోయిన తన చెల్లెలి గురించి నాలుగు మాటలు చెప్పి కూర్చుంది. ఆ నాలుగు మాటల హక్కు కోసమే కదా ఇంత జరిగింది అనిపించి నాకు కళ్లు చెమర్చాయి. గురువు అక్కర్లేదు, దేవుడి వెలుగు ప్రతివాళ్ల లోపలా ఉంది, ఆడది కూడా బోధించవచ్చు అన్న ఆ మూడు మాటలతోనే పాలకులకి గుండెల్లో రాయి పడింది.

మధ్యాహ్నం బోస్టన్‌లోని రాష్ట్ర ప్రభుత్వ భవనం, స్టేట్ హౌస్ దగ్గరికి వెళ్లాం. లోపల ఉచితంగా చూపిస్తారు కానీ పనిదినాల్లోనే, ఆదివారం మూత. మేరీ డయ్యర్ విగ్రహం తూర్పు వైపు, ఇనప కంచె అవతల. బెంచీ మీద కూర్చుని, తల కాస్త వంచి, చేతులు ఒళ్లో పెట్టుకుని ఉంటుంది. పొద్దున మేం చూసిన మనుషులు కూర్చున్నట్టే. 1959లో సిల్వియా షా జడ్సన్ చేసిన కంచు విగ్రహం. కింద ఆవిడ ఉత్తరంలోని మాట చెక్కారు. సత్యానికి దక్కాల్సిన స్వేచ్ఛ ముందు నా ప్రాణం నాకు ఏపాటిది అని దాని అర్థం. అమ్మాయి చదువుతూ మధ్యలో ఆగిపోయింది.

1659 అక్టోబరు 27న ఆవిడని ఒకసారి ఉరికంబం దాకా తీసుకెళ్లారు. వెంట విలియం రాబిన్సన్, మార్మడ్యూక్ స్టీవెన్‌సన్. వాళ్ల మాట జనానికి వినబడకుండా సైనికులు డప్పులు కొట్టారు. ఇద్దరినీ కళ్ల ముందే ఉరి తీసి, ఆవిడ మెడకి తాడు వేసి, మొహానికి గుడ్డ కట్టి, అప్పుడు క్షమించామన్నారు. ఆ నాటకం ముందే అనుకున్నదే. చలికాలం షెల్టర్ ఐలాండ్‌లో గడిపి, మే నెలలో ఆవిడ తిరిగి బోస్టన్ వచ్చింది. భర్త విలియం క్వేకర్ కాదు, భార్యని వదిలేయమని గవర్నర్ ఎండికాట్‌కి ఉత్తరం రాసి బతిమాలుకున్నాడు. ఇంటికి వెళ్లిపోతానంటే దింపేస్తామని నిచ్చెన మీద కూడా అడిగారు. వెళ్లనంది. ఆరుగురు పిల్లల తల్లి.

పడమటి వైపు ఆన్ హచిన్‌సన్ విగ్రహం ఉంది, పక్కన కూతురు. ప్యూరిటన్ గురువుల్ని ఎదిరించి ఇంట్లో మతబోధ చేసినావిడ. 1638లో ఆమెని చర్చి నుంచి వెలివేసిన రోజు, నిండు సభలో లేచి ఆమె చెయ్యి పట్టుకుని బయటికి నడిచింది ఈ మేరీ డయ్యరే. ఒకే భవనం ముందు అటొకరు, ఇటొకరు. రెండూ చూడకుండా రావద్దు.

మర్నాడు పక్క రాష్ట్రం రోడ్ ఐలాండ్‌లోని న్యూపోర్ట్. ప్రావిడెన్స్ దాకా రైలు, అక్కడి నుంచి 60వ నంబరు బస్సు, 2 డాలర్లు. గంట పైనే పడుతుంది, వంతెన మీద నుంచి నీళ్లు చూస్తూ వెళ్లడం నాకు నచ్చింది. సామాను ఎక్కువుంటే మాత్రం కష్టం. బస ఒక పాత చెక్క ఇంట్లో. ఇంటావిడ ఎంతో ఆప్యాయంగా చూసింది, గుడ్డు కూడా తిననని చెబితే ఓట్స్, పళ్లు వేరుగా పెట్టింది. మెట్లు నిటారుగా ఉన్నాయి, పెద్దవాళ్లు కింది గది అడిగి మరీ తీసుకోండి. 1699లో కట్టిన క్వేకర్ల ప్రార్థనా మందిరం బూడిదరంగు చెక్కతో, ఏ ఆడంబరమూ లేకుండా ఉంది. లోపలికి ఏ వేళల్లో పంపిస్తారో ముందే కనుక్కోండి. నాలుగడుగుల దూరంలో 1763 నాటి యూదుల టూరో మందిరం. బోస్టన్ వెళ్లగొట్టినవాళ్లు, బోస్టన్ రానివ్వనివాళ్లు పక్కపక్కన కట్టుకున్న ఊరది. కోటీశ్వరుల భవనాలకు ఒక పూట తగ్గించుకుని ఈ రెంటికీ ఇవ్వండి. తిరిగొస్తూ ఆష్‌లాండ్ లక్ష్మీ అమ్మవారి గుడి ముందు దిగాం. అదే మసాచుసెట్స్‌లో, 1990 నుంచి, మనవాళ్లు నిర్భయంగా గంట కొడుతున్నారు.

ఆఖరి రోజు కారులో న్యూ హాంప్‌షైర్‌లోని డోవర్ వెళ్లి, పాత ఊళ్ల మీదుగా కిందికి వచ్చాం. చూడ్డానికి పెద్దగా ఏమీ లేదు, కారు లేకపోతే వద్దు. 1661లో రాజు రెండో చార్లెస్ ఉరిశిక్షలు ఆపించాడు గానీ కొరడాలు ఆగలేదు. 1662 డిసెంబరులో ఆన్ కోల్‌మన్, మేరీ టామ్‌కిన్స్, ఆలిస్ ఆంబ్రోజ్ అనే ముగ్గురిని నడుము దాకా బట్టలు తీసి, బండి వెనక కట్టి, పదకొండు ఊళ్లలో ఊరికి పది దెబ్బల చొప్పున కొడుతూ నడిపించమని డోవర్‌లో ఉత్తర్వు ఇచ్చారు. ఎనభై మైళ్లకు పైగా దారి. మంచులో. డోవర్‌లో కొట్టారు, హాంప్టన్‌లో కొట్టారు. మూడో ఊరు సాల్స్‌బరీ దాటలేదు. అక్కడ రాబర్ట్ పైక్ అనే ఆయన అడ్డుపడి వాళ్లని విడిపించాడు. సాల్స్‌బరీలో కారాపి, ఫ్లాస్కులో తెచ్చుకున్న టీ తాగుతూ, ఆ దారి వైపే చూస్తూ చాలాసేపు కూర్చున్నాం.