కరేడు దారిలో తాటితోపు కల్లు

నాసిక్ వెళ్లి వైన్ రుచి చూసొచ్చిన మా బావమరిది నెల రోజులుగా అదే కథ చెబుతుంటే, మన సరుకూ చూపిద్దామని మార్చిలో ఒక ఆదివారం ఉలవపాడు నుంచి కరేడు వైపు ఉన్న తాటితోపుకు తీసుకెళ్లాను. బోర్డు లేదు, బల్లలు లేవు. ఇసుకలో కూర్చోవాలి, చీమలు ఉచితం.

తెల్లవారి ఆరున్నరకే చేరుకోవాలి. ముందు నీరా, అంటే పులియని తాటిరసం, పోశారు. చెట్టుకు కట్టే లొట్టి (కుండ) లోపల సున్నం పూస్తే రసం పులియదు. తియ్యగా, చల్లగా ఉంది కానీ ఆఖరి గుక్కలో సున్నం నాలుకకు తగిలింది. పూత ఎక్కువైనట్టుంది.

తరువాత పోతుతాటి కల్లు. సున్నం లేని లొట్టిలో గాలిలోని ఈస్టే పని కానిచ్చేస్తుంది, విడిగా ఏమీ కలపనక్కర్లేదు. నురగ దొప్ప అంచు దాకా లేచి చిటచిటలాడుతూ అణిగిపోయింది. కాస్త తీపి, వెనకనే పులుపు, పచ్చి తాటిముంజె వాసన. నాకు ఇదే నచ్చింది. ఆడతాటిది చిక్కగా ఉంది, ఒక దొప్ప చాలు.

బావమరిది అలవాటుగా దొప్పను గుండ్రంగా తిప్పి వాసన చూడబోయాడు. సగం ప్యాంటు మీద పడింది. "అది తిప్పేది కాదయ్యా, తాగేది" అన్నాడు కల్లు గీసే పెద్దాయన.

పదింటికి మళ్లీ పోయించుకున్నది మాత్రం ఘాటైన పులుపు. నిన్నటిది కలిసిందేమో అంటే పెద్దాయన వాసన చూసి, పారబోసి, డబ్బు తీసుకోలేదు. నంజుకోవడానికి ఉడికించిన శనగలే దొరుకుతాయి. తాటాకు దొప్ప కారుతుంది, గ్లాసు వెంట తీసుకెళ్లండి.